ఎడమచేతి కత్తెర

బెర్న్ నోస్కే పదకొండు చలికాలాలు ద్రాక్షతీగలను ఎడమచేత్తో కత్తిరించాడు. పుట్టుకతో కుడిచేతి వాటం మనిషి. రొట్టెకు వెన్న రాసేదీ, సంతకం పెట్టేదీ, నా వీపు మీద ఛెళ్ళున చరిచేదీ అన్నీ కుడిచేత్తోనే. ఒక్క కత్తెరను మాత్రం ఎడమచేతికి అప్పజెప్పాడు. ఎందుకంటే ఆ కుడి చూపుడువేలు మీదే అతని బతుకంతా నడిచేది. ఆఫ్‌స్పిన్ వేసేవాడికి ఆ వేలి పక్కన కాయ కాస్తుంది. బంతి కుట్టు రాసుకుని రాసుకుని గట్టిపడ్డ చర్మం అది. రోజుకు పది గంటలు కత్తెర నొక్కితే దాని పక్కన బొబ్బలు లేచి, కాయ కాస్తా మెత్తబడి ఊడొస్తుంది. అక్టోబరులో ఆట మొదలయ్యేసరికి వేలు మళ్ళీ పసిపిల్లవాడి వేలైపోతుంది.

"పక్కవాడు మూడు వరుసలు కత్తిరించేసరికి నువ్వు ఒకటి దాటవు కదరా! రేపు నీ పిల్లలు ఆ వేలు చీక్కుంటూ బతుకుతారా?" అని వాళ్ళ నాన్న టనుండా ఊళ్ళో తమ ద్రాక్షతోటంతా వినబడేలా అరిచేవాడు.

"ఈ వేలే తిండి పెడుతోంది నాన్నా, దాన్నేమీ అనకు" అని నోస్కే నవ్వేవాడు.

నా పేరు కీత్ డోహర్టీ. ఆ పదకొండేళ్ళూ వాడి బంతులకు వికెట్ల వెనక గొంతుక్కూర్చున్నది నేనే. నా చేతివేళ్ళ సంగతి అడగొద్దు. పదింటిలో ఆరు విరిగాయి, అందులో రెండు వాడి పుణ్యమే.

రాష్ట్ర జట్టులో వాడి బతుకేమీ పూలబాట కాదు. పెర్త్ వెళ్తే నలుగురు ఫాస్ట్ బౌలర్లు ఆడేవాళ్ళు, వీడు పన్నెండోవాడిగా నీళ్ళ సీసాలు మోసేవాడు. బ్రిస్బేన్‌లో అదే కథ. దేశం తరఫున ఆడమని పిలుపు వస్తుందని రెండుసార్లు పేపర్లో రాశారు, రెండుసార్లూ రాలేదు. మా అడిలైడ్‌లో మాత్రం నాలుగో రోజు పిచ్ పొడిబారి దుమ్ము లేస్తే అందరూ వాడి ముఖం వైపు చూసేవాళ్ళు. సంచిలో పొగబెట్టిన మాంసం, సోయికూర వేసి ఊరబెట్టిన దోసకాయలు తెచ్చుకునేవాడు. డ్రెస్సింగ్ రూమంతా ఆ వాసనే. "నీ సంచి చూసే బ్యాట్స్‌మన్లు పారిపోతున్నార్రా, నీ స్పిన్‌దేముంది" అని ఏడిపించేవాళ్ళం.

వాడి మొదటి సీజనులో జరిగిన ఒక సంగతి చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. మా ఆటలో బ్యాటు అంచు తగిలినా ఎవడూ తనంతట తాను నడిచి వెళ్ళడు. అంపైర్ వేలెత్తేదాకా గుంజలా నిలబడతాడు. అందులో సిగ్గేమీ లేదు. కానీ నేలబారు క్యాచ్ దగ్గర మాత్రం లెక్క వేరు. బంతి నేలకు తగిలిందా, నేరుగా గ్లౌజులోకి వచ్చిందా అన్నది కీపర్ చెప్పాలి, వాడి మాటే మాట. అక్కడ అబద్ధమాడినవాడి పేరు మధ్యాహ్న భోజనం లోపల ఆరు రాష్ట్రాలకూ పాకుతుంది. కుర్రతనంలో నేను ఆ వెధవపని చేశాను. నోస్కే బంతికి అంచు తగిలింది, గడ్డిని రాసుకుని నా చేతిలో పడింది. "పట్టాను" అన్నాను. అంపైర్ వేలెత్తాడు, బ్యాట్స్‌మన్ తల దించుకుని నడవసాగాడు.

నోస్కే నా దగ్గరకొచ్చి బంతి తీసుకుని చూశాడు. ఎర్ర తోలు మీద గీసినట్టు పచ్చటి గడ్డి మరక.

"ఇదేంట్రా?"

"మైదానమన్నాక పచ్చగా ఉండదేంటి? పోయి తర్వాతి బంతి వెయ్యి."

వాడు వెయ్యలేదు. నేరుగా అప్పటి కెప్టెన్ దగ్గరకు పోయి అప్పీలు వెనక్కి తీసుకోమన్నాడు. బ్యాట్స్‌మన్‌ను బౌండరీ గీత దాటకముందే వెనక్కి పిలిచారు. ఆ మహానుభావుడు ఆ తర్వాత నూట నలభై కొట్టాడు, మేం ఓడిపోయాం. తర్వాతి మ్యాచ్ నుంచి సీజను అయ్యేదాకా నోస్కే నీళ్ళు మోశాడు. ఆ సాయంత్రం కార్లు ఆపేచోట నన్ను నిలదీశాడు. "నాది కాని వికెట్ నాకియ్యొద్దు కీత్. ఇంకోసారి ఇలా చేశావంటే జన్మలో నీతో మాట్లాడను. మాటివ్వు." ఇచ్చాను. సిగ్గుతో చచ్చి ఇచ్చాను.

ఇక తొంభై మూడు మార్చికి వద్దాం. రాష్ట్రాల మధ్య జరిగే షీల్డ్ పోటీలో మా ఆఖరి మ్యాచ్, ఆఖరి రోజు. నోస్కేకి ముప్ఫై నాలుగు. జట్టులో ఒక్క స్పిన్నర్‌కే కాంట్రాక్ట్ మిగిలింది. ఇరవయ్యేళ్ళ లెగ్‌స్పిన్నర్ ఒకడు తలుపు దగ్గరే కాచుకుని ఉన్నాడు. పొద్దున్న సెలెక్టర్ హాలొరన్ టీ కప్పుతో వచ్చి, నేను అక్కడుండగానే చెప్పాడు. "దాచిపెట్టడమెందుకు బెర్న్. ఇవాళ నువ్వు మ్యాచ్ గెలిపిస్తే ఇంకో రెండేళ్ళు నీ పేరు రాయిస్తాను. లేకపోతే కుర్రాడికి ఇవ్వక తప్పదు."

"సరే" అన్నాడు నోస్కే. అంతే. దోసకాయ ముక్క నములుతూనే ఉన్నాడు.

ఎండ మండిపోతోంది. ఉత్తరం గాలి నిప్పులు చెరుగుతోంది. నోస్కే లంచ్ లోపల మూడు, టీ లోపల ఇంకో రెండు తీశాడు. టీ దగ్గర షూ లేసు కట్టుకుంటూ చెయ్యి దాచుకోవడం చూసి లాగి చూశాను. చూపుడువేలి కాయ నడిమికి చీలింది. లోపలి మాంసం కనిపిస్తోంది.

"ఒరేయ్, ఇదెప్పుడు?"

"అరవకు. ప్రేటర్ వింటాడు." ప్రేటర్ అంటే మా కెప్టెన్. "ప్లాస్టర్ వేస్తే అంపైర్ తీసెయ్యమంటాడు. రక్తం కనిపిస్తే బయటికి పంపుతాడు. బంతి నీ దగ్గరకొచ్చినప్పుడల్లా తుడిచియ్యి, చాలు."

తుడిచాను. గంటన్నర సేపు తుడిచాను. నా గ్లౌజు అరచెయ్యి గోధుమరంగుకు తిరిగింది. చీలిన వేలితో బంతిని గట్టిగా తిప్పడం కుదరడం లేదు, అయినా వాడు పళ్ళు బిగించి తిప్పుతూనే ఉన్నాడు. ఆరో వికెట్ తీసినప్పుడు కూడా చేతులెత్తలేదు, చెయ్యి చంకలో పెట్టుకుని నిలబడ్డాడు. మైదానం అంచున పచ్చిక దిబ్బ మీద కూర్చున్న మూడువందల మంది చప్పట్లు కొట్టారు. వాడి భార్య లినెట్ స్టాండ్ కింది వరుసలో ఇద్దరు పిల్లలతో ఉంది. పొరపాటున కూడా అటు చూడకూడదనుకున్నాను.

ఆఖరి ఓవర్ వచ్చేసరికి వాళ్ళకు తొమ్మిది వికెట్లు పోయాయి. గెలవడానికి కావాల్సిన పరుగులు కొట్టడం వాళ్ళ వల్ల కాదు, ఔట్ కాకుండా నిలబడితే చాలు, డ్రా. మాకు ఒక్క వికెట్ కావాలి. ఆరు బంతులున్నాయి. ఎదురుగా కోల్ విదర్స్, తలుపు చెక్కంత మనిషి, వాళ్ళ ఫాస్ట్ బౌలర్. బ్యాటు పట్టుకుంటే పార పట్టుకున్నట్టుంటుంది.

"ఏం కోల్, కాళ్ళు వణుకుతున్నాయా? కుర్చీ తెప్పించమంటావా?" అని వెనక నుంచి గోకాను.

"నీ నోటికి తాళం తెప్పించుకో కీత్. ఆరు బంతులేగా" అన్నాడు వాడు వెనక్కి తిరక్కుండానే. వాడి మెడ మీద చెమట కారడం మాత్రం నాకు కనిపిస్తూనే ఉంది.

మొదటి బంతి తిరిగి ప్యాడ్‌కు తగిలింది. అందరం గొంతులు చించుకున్నాం. అంపైర్ తల అడ్డంగా ఊపాడు. రెండోది వేసేముందు నోస్కే ఎడమచెయ్యి పైకెత్తి చెవి తడుముకున్నాడు. అది నాకు సైగ. తిరక్కుండా నేరుగా దూసుకొచ్చే బంతి. చీలిన వేలిని వాడక్కర్లేని బంతి ఇక అదొక్కటే.

వేశాడు. విదర్స్ తిరుగుతుందనుకుని లోపలికి ఆడాడు. అంచు తగిలిన టిక్కుమనే చప్పుడు ఈ రోజుకీ నా చెవిలో ఉంది. దుమ్ము పిచ్ కదా, బంతి లేవలేదు. నా గ్లౌజులు రెండూ నేలను గీరుతూ ముందుకెళ్ళాయి. బంతి లోపల పడింది. వేళ్ళు మూసుకున్నాను.

అరుపులు. ప్రేటర్ నా మీదకి ఉరుకుతున్నాడు. నోస్కే పిచ్ మధ్యలో మోకాళ్ళ మీద కూలబడి రెండు చేతులూ ఆకాశంలోకి ఎత్తాడు. పదకొండేళ్ళలో వాడలా చేతులెత్తడం నేనెప్పుడూ చూడలేదు. ఎత్తిన వేలి నుంచి రక్తం మణికట్టు దాకా కారుతోంది.

విదర్స్ కదల్లేదు. అంపైర్ ముందు తన జోడీ అంపైర్ వైపు, తర్వాత నా వైపు చూశాడు. విదర్స్ కూడా నా వైపు తిరిగాడు. "పట్టావా కీత్?"

ఒక్క మాట. పట్టాను అంటే చాలు. అయితే గ్లౌజు మూసుకునేముందు నా చిటికెన వేలి కొసకు ఏదో గరుగ్గా తగిలింది. గడ్డి. బంతి గడ్డిని రాసుకుని లోపలికొచ్చింది. కళ్ళతో చూడలేదు, వేలికి తెలిసింది. నోస్కే ముఖం చూశాను. వాడు నవ్వుతున్నాడు. దేవుడా, అప్పుడు చూడాల్సింది కాదు.

"లేదు" అన్నాను. "నేలకు తగిలింది."

ప్రేటర్ నా జెర్సీ పట్టుకున్నాడు. "ఏం వాగుతున్నావ్? బుద్ధుందా నీకు? నీ చేతిలోనే ఉంది కదరా!"

"తగిలింది ప్రేటర్."

"వాడి బతుకు రా అది! వాడి బతుకు!"

"తెలుసు" అన్నాను.

నోస్కే లేచాడు. మోకాళ్ళకంటిన దుమ్ము దులుపుకోకుండానే నా దగ్గరకు నడిచొచ్చి చెయ్యి చాపాడు. బంతి ఇచ్చాను. ఆ మొదటి సీజనులో లాగే తిప్పి చూస్తాడనుకున్నాను. చూడలేదు. చూడకుండానే ప్యాంటుకేసి నాలుగుసార్లు గట్టిగా రుద్దాడు, వెనక్కి తిరిగి వెళ్ళిపోయాడు. మిగిలిన నాలుగు బంతులూ వేశాడు. వాటిలో రెండు ఎంత తిరిగాయంటే విదర్స్‌కే కాదు, నాకూ అందలేదు. ఆఖరిది స్టంపుల మీదుగా వెంట్రుకవాసిలో పోయింది. మ్యాచ్ డ్రా. హాలొరన్ స్టాండ్‌లోంచి లేచి టోపీ పెట్టుకోవడం నేనున్న చోటి నుంచే కనిపించింది.

డ్రెస్సింగ్ రూములో ఎవరూ నాతో మాట్లాడలేదు. నోస్కే వేలిని బకెట్ నీళ్ళలో ముంచుకుని కూర్చున్నాడు. తన సంచిలోంచి ఒక దోసకాయ తీసి నాకిచ్చాడు. తీసుకున్నాను.

ఏప్రిల్‌లో జాబితా వచ్చింది. కుర్రాడి పేరు ఉంది, నోస్కే పేరు లేదు. ఫోన్ చేద్దామని రోజూ అనుకున్నాను, రోజూ మానేశాను. ఏమని చెప్పను? చివరికి జులైలో సిగ్గు విడిచి కారెక్కాను.

టనుండా తోటలో పొద్దుటి మంచు ఇంకా కరగలేదు. వాళ్ళ నాన్న గేటు దగ్గర నన్ను చూసి గడ్డం తోట వైపు విసిరి చూపించాడు. నోస్కే మూడో వరుస చివరిలో ఉన్నాడు. కొమ్మలు టకటకా తెగి పడుతున్నాయి. చాలా వేగంగా తెగుతున్నాయి. దగ్గరికెళ్ళాక తెలిసింది ఎందుకో. కత్తెర కుడిచేతిలో ఉంది.

ఆ చేతినే చూస్తూ ఆగిపోయాను.

"ఏంట్రా అలా చూస్తావ్? నాన్న తెగ సంబరపడిపోతున్నాడు" అన్నాడు, ఆపకుండానే. "పక్కవాడిని దాటేస్తున్నానట."

"బెర్న్, నువ్వు ఆ బంతి చూడలేదు. ఎందుకు?"

కత్తెర ఆగింది. "దాని మీద పచ్చ మరక ఉంటే నువ్వు నిజం చెప్పినట్టు. లేకపోతే?"

"లేకపోతే నేను పొరబడ్డట్టు."

"లేకపోతే జన్మంతా నిన్ను తిట్టుకుంటూ బతకాలి కదరా. అంత ఓపిక నాకెక్కడిది? అందుకే తుడిచేశాను."

"ఆ క్షణంలో నాకు ఖాయంగా తెలుసు బెర్న్. వేలికి తగిలింది. కానీ ఇప్పుడు నువ్వు అడిగితే మాత్రం..."

"అడగను" అన్నాడు. "ఎప్పటికీ అడగను. నువ్వు కూడా చెప్పకు." మళ్ళీ తనే అన్నాడు, ఈసారి నా ముఖంలోకి చూడకుండా. "ఆ మొదటి సీజనులో నీ దగ్గర మాట తీసుకోకుండా ఉండాల్సింది కీత్. అదొక్కటే అప్పుడప్పుడూ అనిపిస్తుంది."

ఏడుపు తన్నుకొచ్చింది. ముప్ఫై అయిదేళ్ళ గాడిదను, చలికి ముక్కు కారుతోందన్నట్టు చేతిరుమాలు అడ్డం పెట్టుకున్నాను. వాడు చూసీ చూడనట్టు పక్కనున్న రెండో కత్తెర నా చేతికిచ్చాడు. వంకర వేళ్ళతో ఎలాగో పట్టుకున్నాను. వాడి అరచెయ్యి అప్పుడు కనిపించింది. కత్తెర పిడి నొక్కుకునే చోట కొత్త బొబ్బలు లేచాయి, చూపుడువేలి పక్కన కాయ ఉండాల్సిన చోట చర్మం నున్నగా, లేతగా ఉంది.

"ఆ కొమ్మకు రెండు కణుపులు ఉంచి కత్తిరించు. అడ్డదిడ్డంగా కోశావంటే నాన్న నిన్ను కూడా తిడతాడు" అన్నాడు నోస్కే. మధ్యాహ్నం దాకా ఇద్దరం ఆ వరుస కత్తిరించాం.