తలుపు తట్టిన కోతిపిల్ల

2023 వానాకాలం. పర్ణశాల దాటాక అడవిలో ఉన్న ఒక హాస్టల్ బడికి ప్రొజెక్టర్ తీసుకెళ్లాను. పిల్లలకు సినిమాలు చూపించడం నా ఉద్యోగం. ఆ నెల పైవాళ్లు పంపినవి జపాన్‌లో సినిమా తొలి రోజుల్లో తీసిన పొట్టి కార్టూన్లు. ఏది చూసినా ఎవరో ఒకరు తోడు కోసం తిరుగుతుంటారు. అన్నీ మూకీలే. టైటిల్ కార్డులు, అంటే మధ్యమధ్య కథ చెప్పే అక్షరాలు, జపనీస్‌లో ఉన్నాయి. అప్పట్లో అక్కడ తెర పక్కన ఒక మనిషి నిలబడి కథ చెప్పేవాడట. ఆ మనిషిని మాత్రం మాకు పంపలేదు.

కరెంటు రెండుసార్లు పోయింది. చీకటి కోసం కిటికీలకు కట్టిన దుప్పట్లు ఊడిపడ్డాయి. హెడ్మాస్టరు ఐదు నిమిషాలకోసారి వచ్చారు.

"సౌండ్ వస్తలేదేంది? స్పీకర్ ఖరాబైందా?"

"ఇవి మూకీలు సార్."

"గట్లనా? మరి సౌండ్ ఎప్పుడొస్తది?"

తల గోడకేసి కొట్టుకోవాలనిపించింది.

తెర మీద ఒక కోతిపిల్ల వానలో ఇల్లిల్లూ తిరిగి తలుపు తడుతోంది. ఎవరూ తీయడం లేదు. పిల్లలు గోల మొదలుపెట్టారు. విసుగెత్తి, పాటలున్న కార్టూన్ ఏదైనా పెట్టేద్దామని మౌస్ అందుకున్నాను.

అప్పుడే ముందు వరుసలోంచి సన్నని గొంతు. మూడో తరగతి పిల్ల జోగి. రాష్ట్ర సరిహద్దు అవతలి ఊరి నుంచి వచ్చి రెండు నెలలైనా నోరు విప్పలేదు. మూగపిల్ల అని, ఆ వారంలోనే ఇంటికి పంపేస్తున్నామని హెడ్మాస్టరు పొద్దున చెప్పారు. ఆ పిల్ల ఇప్పుడు కోతిపిల్లతో గట్టిగా మాట్లాడుతోంది. ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు.

గుమ్మంలో నిలబడి చూస్తున్న వంట ముత్తమ్మ అదే భాషలో ఏదో అంది. జోగి గిరుక్కున తిరిగింది. పరుగున వెళ్లి ఆమె చీర పట్టుకుని, ఏడుస్తూనే ఆపకుండా మాట్లాడింది.

"ఏమంటోంది?" అన్నాను.

"ఎనక తలుపు కొట్టి చూడమని కోతికి చెప్పింది సార్. ఇప్పుడేమో వాళ్లమ్మ ముచ్చట చెప్తుంది. మా అమ్మగారి దిక్కు ఇదే మాట."

హెడ్మాస్టరు మండిపడ్డారు. "నీకు ఈ భాషొస్తదని ఇన్ని దినాలు ఎందుకు చెప్పలే?"

"పిల్ల నోరిప్పలె. మీరు దాని ఊరు చెప్పలె. నన్నెవరడిగిన్రు సార్?"

జోగిని పంపలేదు. ఇప్పుడు ఐదో తరగతి. క్లాసులో మాటలు ఆపడం లేదని అదే హెడ్మాస్టరు ఫోన్‌లో మొత్తుకుంటారు.

ఆ రోజు ఆయన మీద నాకు ఎంత చిరాకేసిందో నా మీద అంతకన్నా ఎక్కువేసింది. ఆ పిల్ల ఇంకొక్క క్షణం ఆలస్యం చేసి ఉంటే పాటలు పెట్టి ఆ గొంతును నేనే ముంచేసేవాణ్ని. ఇప్పుడు ఏ బడికి వెళ్లినా ముందు వంటగదికి వెళ్తాను. అక్కడివాళ్లకు ఏయే భాషలు వచ్చో అడిగాకే తెర కడతాను.