కళ్లాంలో తీసిన కన్నీళ్లు

మస్తాన్ వలి నవ్వును నేనే కత్తిరించాను. ఏళ్ల తరబడి నా గుండెల మీద కూర్చున్నది అదే. తెర మీద ఆయన కళ్లు తుడుచుకుంటున్నాడు. ఇంకో క్షణం ఆగితే పకపకా నవ్వుతాడు. ఆ క్షణానికి ముందే ఆపేశాను. ఆ ముక్కకు ముందు, ఎక్కడో బాంబులకు కూలిన నగరాన్ని అతికించాను.

దినపత్రికలో చాలాకాలం పనిచేసి డాక్యుమెంటరీల్లోకి వచ్చినవాణ్ని. దూరదేశాల యుద్ధాలు మన ఊళ్లలో మతాన్ని ఎలా కదిలిస్తాయన్నది అప్పుడు తీస్తున్న సినిమా విషయం. అందుకే వినుకొండ దగ్గర మస్తాన్ వలి కౌలుకు చేస్తున్న మిరప చేనికి వెళ్లాను. యుద్ధం గురించి అడిగితే, "పాపం, పిల్లలండీ" అన్నాడు. అంతే. కన్నీళ్లు రాలేదు. అవి వచ్చింది సాయంత్రం, కళ్లాంలో ఎండుమిరపకాయలు గోతాల్లో పోసి కాళ్లతో తొక్కుతున్నప్పుడు. అందరం దగ్గుతున్నాం. కెమెరా పట్టుకున్న మనిషికి ముక్కు కారుతోంది. అతన్ని చూసే మస్తాన్ వలి నవ్వాడు.

తడికళ్ల ఆ ముఖమే పోస్టరైంది. బహుమతులు వచ్చాయి. మతం, ప్రపంచ రాజకీయాలు తెలిసినవాడినని నన్ను వేదికలెక్కించారు. ఇక్కడ మన ఊళ్లలో మాత్రం ఆ ముక్క ఒక్కటే ఫోన్లలో తిరిగింది.

ఒకరోజు ఆయన గుంటూరులో మా ఇంటికి వచ్చాడు.

"నేనెప్పుడు ఏడ్చానండీ? ఘాటుకి నీళ్లొచ్చినయ్. మీకూ వచ్చినయ్ గదా!"

"సినిమాలో కొంచెం అలా కలపాల్సి వస్తుంది, మస్తాన్ గారూ."

"కలుపుకోండి, నాకేంటి! మా పొలం ఆసామి ఉన్నాడే, చిన్నప్పట్నుంచీ ఏరా అంటే ఏరా అనుకునేవాళ్లం. 'ఏరా మస్తానూ, తెగులొచ్చి మన చేను పోతే చుక్క రాల్చలా. ఎక్కడోళ్లకో కుళాయి తిప్పావే!' అన్నాడు. నవ్వుతానే అన్నాడు. కౌలు మాత్రం వేరేవాళ్లకిచ్చాడు. మీరొక్క మాట చెప్పండి, అది ఘాటని. మీరు చెబితే నమ్ముతాడు."

"చెప్తాను" అన్నాను.

చెప్పలేదు. ఎందుకు? పత్రికలో ఫొటో కింద పేరు తప్పు పడితే మర్నాడు సవరణ వేసేవాళ్లం. ఆ నాలుగు పంక్తులు నేనే రాసేవాణ్ని, ఏ సంకోచమూ లేకుండా. మరి ఇది ఎందుకు రాయలేకపోయాను? పోస్టర్ పోతుందనా? ఆయన బాధ నిజమే కదా, నీళ్లొక్కటే వేరే చోటివి కదా అని సర్దిచెప్పుకుంటూ, ఎవరింట్లో పోపులో ఎండుమిరపకాయ మాడినా కుర్చీలో కూర్చోలేక లేచి వీధిలోకి వెళ్లిపోతూ ఇంతకాలం గడిపాను. ఆ బాధను ఆయన ఒక్క మాటలో, పొడి కళ్లతో చెప్పాడు. నాకది చాలలేదు.

ఇప్పుడు మీకు చెప్పాను. గుండె కాస్త తెరిపిన పడింది. దానివల్ల ఆయనకు ఒరిగేదేమీ లేదు. సినిమా అలాగే ఉంది. మస్తాన్ వలి కోల్డ్ స్టోరేజీలో గోతాలు మోస్తున్నాడట. ఆ చేలో ఈ ఏడు కూడా వేరేవాళ్లే మిరప నాటారు.