టీవీ కంటికి అడ్డొచ్చిన అల్లిక

కైరోలోని షుబ్రాలో ఐదో అంతస్తులో ఉండే షౌకీ బళ్లో సైన్సు చెబుతాడు. కాంతి, ధ్వని, ఉష్ణం అన్నీ నోటికి వచ్చు. కానీ పసికూతురు తుమ్మిందంటే మాత్రం అవేవీ గుర్తుండవు. పరుగున వెళ్లి ముక్కు దగ్గర వేలు పెట్టి ఊపిరి చూస్తాడు.

భార్యాభర్తలిద్దరూ ఉద్యోగాలకు వెళితే పిల్లను చూసేది అత్తగారు, హజ్ చేసొచ్చిన బహీగా. రంజాన్ నెలకు ఆవిడ పెట్టిన షరతు ఒక్కటే. ఉపవాసం విడిచి కూర్చునేసరికి సీరియల్ రావాలి. రాకపోతే గీజాలో పెద్దకూతురింటికి వెళ్లిపోతుంది. అక్కడి టీవీ గోడంత ఉంటుందట!

ఇంట్లో టీవీ సరిగ్గా మొదటి ఉపవాసానికి ముందే కన్నుమూసింది. షౌకీ సంతలో ఓ పాతది కొని మోసుకొచ్చాడు. వాడకం చెప్పే పుస్తకమేదని అడిగితే, "పనిచేసే వాటికి పుస్తకమెందుకు మేష్టారూ?" అన్నాడు అమ్మినవాడు.

బల్ల మీద పెట్టీ పెట్టగానే అత్తగారు దాని నెత్తిన తన చేతి అల్లిక పరిచింది. పూసలు కుట్టిన మందపాటి అల్లిక. కొనలు రెండూ తెర మూలల మీదుగా కిందిదాకా జారాయి. ఆ ఇంట్లో బట్ట కప్పని వస్తువు లేదు, ఒక్క షౌకీ తప్ప.

తెరంతా నీలం. చానల్ పెడదామంటే పక్కనున్న మీటలు ఏనాడో ఊడిపోయాయి. రిమోటు నొక్కితే ఉలుకూ పలుకూ లేదు. బ్యాటరీలు మార్చినా అంతే.

సంగతేంటో చూద్దామని పైకొచ్చిన కింది అంతస్తు జగ్లూల్ బాబాయ్ ఒకప్పుడు రైల్వే గార్డు. 'నాకు తెలీదు' అనే మాట ఆ వీధిలో పుట్టినవాళ్లెవరూ అనరు, ఆయన అసలే అనడు.

"డిష్షు పక్కకి తిరిగిపోయిందిరా. డాబా ఎక్కు!"

షౌకీ ఎక్కాడు. మెట్ల సందులోంచి కేకలు మొదలయ్యాయి.

"వచ్చిందా బాబాయ్?"

"రాలేదు! ఎడమకి తిప్పు!"

"ఇప్పుడో?"

"ఇందాకే నయం!"

"ఇందాక ఏం కనబడింది?"

"ఏమీ లేదు. కానీ ఇంత నీలంగా లేదు!"

డిష్షును మళ్లీ మొదటికే తిప్పి, నాలుక పిడచకట్టి షౌకీ దిగొచ్చాడు. భార్య రబాబ్ అల్లిక కొన ఎత్తి దుమ్ము తుడుస్తోంది. విసుగుతో రిమోటు నొక్కాడు. తెర మీద అంకె మారింది. రబాబ్ కొన వదిలింది. మళ్లీ నొక్కితే రిమోటు చచ్చింది.

షౌకీకి అర్థమైంది. రిమోటు కాంతిని అందుకునే, కుడి మూలనున్న ఎర్రటి కంటికి ఆ పూసల కొన అడ్డం. కాంతి దాటదు. ఏటా పిల్లలకు చెప్పే పాఠమే.

"మీ అమ్మకి చెప్పు," గొణిగాడు.

"టీవీ తెచ్చింది నువ్వు. నువ్వే చెప్పు."

వంటింట్లోంచి అత్తగారు రానే వచ్చింది. "ఏం గుసగుసలు నాయనా? నా అల్లిక మీదేనా?"

"అబ్బే! అంత మంచి అల్లిక ఈ డొక్కు టీవీ మీద వెలిసిపోతుందేమోనని..."

ఆవిడ ముఖం విప్పారింది. "నిజమే సుమా! పిల్ల ఊయల మీద కప్పుదాం."

ఊయల మీద! పూసలు! పిల్ల పిడికిలి, నోరు, గొంతు. షౌకీ కళ్ల ముందు ఆసుపత్రి కనబడింది.

"వద్దు హజ్జమ్మా! టీవీకే అందం!"

"అదేంటయ్యా, క్షణానికో మాట!" అంటూ జగ్లూల్ నవ్వాడు.

మసీదులో బాంగు వినిపించింది. ఖర్జూరం నోట్లో వేసుకుని, పప్పుచారు గిన్నె పట్టుకుని షౌకీ టీవీ పక్కన నేల మీద చతికిలబడ్డాడు. ఒక వేలితో కొన ఎత్తి పట్టుకున్నాడు. అత్తగారు రిమోటు నొక్కింది. సీరియల్ వచ్చింది.

నెలంతా అంతే. చానల్ మార్చాలన్నా, శబ్దం తగ్గించాలన్నా షౌకీ వేలు లేవాలి. పండక్కి వచ్చిన చుట్టాలతో అత్తగారు మురిసిపోతూ చెప్పింది:

"మా అల్లుడికి సీరియళ్లంటే ఎంత పిచ్చనుకున్నారు! టీవీ పక్కనుంచి కదిలితే ఒట్టు. గీజా అల్లుడికి అంత ఓపికేదీ? పండగయ్యాక కూడా ఇక్కడే ఉంటాను."