మూతపడ్డ హాలు రిసీవరు

అన్నదమ్ములు కొట్లాడుకుని కోర్టుకెక్కిన ఆ సినిమాహాలుకు ఆయన రిసీవరు. తీర్పు వచ్చేదాకా ఆస్తిని కాపాడమని కోర్టు నియమించిన మనిషి. రోజూ సాయంత్రం లోపలికెళ్లి, ఖాళీ కుర్చీల మధ్య తిరిగి, చిరిగిన సీట్లను అరచేత్తో సర్ది, బయటికొచ్చి తాళం వేసి రెండుసార్లు లాగి చూస్తాడు. అన్నకు ఆయన తమ్ముడి మనిషి, తమ్ముడికి అన్న మనిషి, ఇద్దరూ పలకరించరు. పలకరించేది పక్కనున్న టీకొట్టతను ఒక్కడే. "ఇవాళ హౌస్‌ఫుల్లేనా బాబాయ్?" అంటూ స్టూలు లాగి వేస్తాడు. ఆ కొట్టే ఈమధ్య రేకులు జరుపుకుంటూ హాలు వరండాలోకి పాకింది.

"తీసెయ్యరా అబ్బాయ్, రేపు కోర్టు నన్నడుగుతుంది" అని ఎన్నోసార్లు బతిమాలాడు. "హాలు మీ సొంతమా? నా మీద దావా వేయడానికి మీరెవరు బాబాయ్?" అని అతను నవ్వి టీ అందించాడు. నిజమే, తనంతట తాను దావా వేసే అధికారం రిసీవరుకు లేదు. అందుకే కోర్టును అనుమతి అడిగాడు. జడ్జిగారు ఇచ్చారు.

కొట్టుకు నోటీసు అందిన సాయంత్రం ఆయన ఎప్పటిలాగే తాళం లాగి చూసి, అలవాటుగా పక్కకు తిరిగాడు. కొట్టతను గ్లాసులు కడుగుతూ తలెత్తలేదు. స్టూలు లోపల బోర్లించి ఉంది. ఆయన వెనక్కి వెళ్లి, తాళాన్ని మూడోసారి లాగి చూశాడు.