పదకొండో నంబరు ఎవరిది?

ఆ ఉదయం చాయ్ గ్లాసు పెడితే బల్ల ఎడమకు ఒరిగింది. గోడ కూడా. నా వెనక ఎవరో చక్రాల బూట్లతో తిరుగుతున్న చప్పుడు. చూస్తే ఎవరూ లేరు.

"షహనాజ్, రూమ్ ఎందుకు తిరుగుతున్నదే?"

"అక్కా, పొద్దున్నే గప్పాలు షురూనా?" అని నవ్వింది నా రూమ్‌మేట్.

తప్పు నాదే. కొత్త రోడ్డు పడుతున్న ఇబ్రి అనే గల్ఫ్ ఊళ్ళో, కంపెనీ క్లినిక్‌లో ఆయాగా చేరినప్పటి నుంచి ఇసుక తుఫానులో మంచంతో సహా ఎగిరానని కోతలు కోసేదాన్ని. నిజం చెప్పిన రోజున ఎవరూ నమ్మలేదు.

మూడు రోజుల ముందు రోలర్ డెర్బీలో పడ్డాను. ఇంజనీరు గారి అమెరికా భార్య పెట్టెడు స్కేట్లు, అంటే చక్రాల బూట్లు, తెచ్చి మాకు నేర్పిన ఆట. క్యాంపు ఆడవాళ్ళం పదిమంది, రెండు జట్లు, ఖాళీ గోడౌన్‌లో సిమెంటు నేల. ఒకతె గుంపును దాటుకుపోవాలి. మిగతావాళ్ళు భుజంతో, తుంటితో అడ్డుకోవాలి. తిరగడం ఎప్పుడూ ఎడమకే. ఎవరైనా పడితే అందరూ ఆగి వరసగా తమ నంబరు పలకాలి. పలికితే బాగున్నట్టే. నాది మూడు. "మూడు" అన్నాను, లేచాను. కానీ పది తర్వాత "పదకొండు" అని వినబడింది.

తల వెనక బొప్పిని కొంగుతో కప్పి డ్యూటీకి పోతూనే ఉన్నాను. 'అన్‌ఫిట్' అని రాస్తే వీసా పోతుందని భయం. ఆ గోడ ఒరిగిన రోజే వార్డులో వాంతి చేసుకుని, ట్రేతో సహా పడ్డాను.

డాక్టర్ ఎక్స్‌రే చూశారు. "ఫ్రాక్చర్ లేదు. పడ్డప్పుడు స్పృహ తప్పిందా?"

"లేదు సార్. నంబరు గూడ చెప్పిన."

తోడొచ్చిన షహనాజ్ తల వంచుకుంది. "నువ్వు చెప్పలే అక్కా. పలకకుంటే ఆట బంద్ అయితదని నేనే నీ బదులు 'మూడు' చెప్పిన. నీ కళ్ళు తెరిచే ఉన్నయ్, పలుకు లేదు. పది అయినంక నువ్వే 'పదకొండు' అన్నవ్. ఆ గొంతు నీది కాదు."

డాక్టర్ పెన్ను కింద పెట్టారు. "కంకషన్, మెదడు అదిరింది. దాని వెంటే వర్టిగో, ఈ తల తిరగడం. నెలలో నిటారుగా నడిస్తే డ్యూటీ. లేకుంటే ఇంటికే."

గోడకు కొట్టిన మేకు మీద చూపు నిలిపి, తల మెల్లగా తిప్పే ఎక్సర్‌సైజు ఇచ్చారు. రెండో వారం చక్రాల చప్పుడు తలుపు దాకా వచ్చి ఆగింది. చూద్దామని లేచి మళ్ళీ పడ్డాను. నెల నిండడానికి రెండు రోజుల ముందు చాయ్ గ్లాసు పెట్టిన చోటే నిలిచింది.

ఇప్పుడు ఉద్యోగం ఉంది, ఆట లేదు. గోడౌన్‌లో విజిల్ నాదే. ఎవరైనా పడితే నంబర్లు వినను, పెదాలు చూస్తాను. పది కాగానే షహనాజ్ చెవులు మూసుకుంటుంది.

తలకు దెబ్బ తగిలితే డాక్టర్ దగ్గరికి ఒంటరిగా పోకండి. మీరు పడడం చూసినవాళ్ళను తీసుకుపోండి. మీకు గుర్తున్నదే నిజమని పట్టుబట్టకండి. "మూడు" అన్నట్టు నాకు ఇప్పటికీ గుర్తుంది.