ఇంతెఖాల్ అంటే

న్యూజిలాండ్‌లోని లోవర్ హట్‌లో మా పక్కింటి ఆంటీ ఒకప్పుడు అరబ్బీ సినిమాల్లో నటి. నాకు చిన్నప్పటి నుంచీ నత్తి. నటికీ నత్తికీ అక్షరాల్లో తేడా కొంచెమే, అదృష్టంలోనే చాలా. ఆంటీ మొదట పెళ్లికూతురి వేషాలు వేసిందట, తర్వాత తల్లి వేషాలు, ఆఖరికి విధవ వేషాలు.

"ఏ వేషమైనా ఇంటర్వెల్ తర్వాత నన్ను చంపేసేవాళ్లు. చావడంలో నాకు మంచి పేరుంది," అనేది ఇంగ్లీషులో.

అవకాశాలు ఆగిపోయాక కూతురి దగ్గరికి వచ్చేసింది. ఈ చలికాలం వాళ్ల దేశం నుంచి ఒక డైరెక్టరు ఫోన్ చేశాడు. నాయనమ్మ వేషముంది, ఒక సీను వీడియో తీసి పంపమన్నాడు. ఎదురు మాటలు చదవడానికి మనిషి కావాలి. అరబ్బీని తెలుగు అక్షరాల్లో రాసుకుని, అర్థం తెలియకుండా, నత్తితో చదివే బట్టతల మనవణ్ణి నేనయ్యాను.

ఆమె గొంతు విప్పితే ఒళ్లు జలదరించేది. కానీ ప్రతిసారీ ఒకే చోట మాట మరిచిపోయి ఆగేది.

"మా అమ్మాయికి చెప్పకు."

స్టవ్ మీద గిన్నె మాడిన రోజు నుంచి కూతురు తల్లిని కనిపెట్టుకుని ఉంటోంది. ఈ వేషం వస్తే ఆ మతిమరుపు అనుమానం పోతుందని ఆంటీ ఆశ.

ఒక సాయంత్రం ఫెన్సింగ్ అవతల కూతురు ఫోన్‌లో అరబ్బీలో గొంతు తగ్గించి మాట్లాడుతోంది. నాకర్థమైంది ఒక్క ముక్క: ఇంతెఖాల్. మా పాతబస్తీ ఉర్దూలో ఆ మాటకు చావు తప్ప ఇంకో అర్థం లేదు.

"ఎవరు పోయిండ్రు?" అంది సంగతి చెప్పగానే మా ఆవిడ.

"ఏమో. ఆ ఒక్క మాటే తెలిసింది."

"మరి గట్ల నిలబడ్డవేంది? వాళ్లింట్ల పొయ్యి ఎలిగిందో లేదో. బగారా అన్నం తీస్కపో."

గిన్నె పట్టుకుని వెళ్లాను. తలుపు ఆంటీయే తీసింది. మొహం వీలైనంత వేలాడేసి, "ఇంతెఖాల్ అని విన్నాను. ఎవరు ఆంటీ?" అన్నాను.

ఆమె పడీపడీ నవ్వింది. "మా భాషలో చావు కాదు నాయనా. ఇల్లు మారడం."

నవ్వుతూనే ఆగిపోయింది. మెల్లగా వెనక్కి తిరిగింది. "ఎవరు మారుతున్నారు?" అంది ఇంగ్లీషులోనే.

హాల్లో నిలబడ్డ కూతురు నేల చూసింది. "వృద్ధుల రెస్ట్‌హోమ్‌లో నీకు రూమ్ దొరికిందమ్మా. నేనే చెబుదామనుకున్నాను."

చేతిలో గిన్నె ఎక్కడ పెట్టాలో నాకు తెలియలేదు. ఆంటీ జుట్టు సవరించుకుని కిటికీ దగ్గర కూర్చుంది.

"సీను ఇప్పుడే తీద్దాం. నువ్వే తియ్యి," అంది కూతురితో.

కూతురు ఫోన్ ఎత్తి పట్టుకుంది. గిన్నె కింద పెట్టి, నా కాగితం అందుకుని చదివాను. ఆంటీ నాయనమ్మ అయిపోయింది. ఆ చోటు వచ్చింది. ఆగింది. నేను నా మాట మళ్లీ చదివాను. ఇంకోసారి చదివాను. కూతురు ఫోన్ దించలేదు, తల్లి పెదవుల వంకే చూస్తోంది.

ఆంటీ నా వైపు జాలిగా చూసింది.

"పాపం, నీ డైలాగ్ మరిచిపోయావు."

"అవునాంటీ, మరిచిపోయాను," అన్నాను. ఒక్క చోట కూడా నత్తి రాలేదు.

కూతురు ఫోన్ దించేసింది.