మగ్గం గుంతలో చోటు

ధర్మవరంలో మా పక్కింటి అత్త పోయిన నెల కన్నుమూసింది. పొద్దున కాఫీ తాగి, గ్లాసు కడిగి బోర్లించి, పడుకుంది. అంతే. తన పని ఇంకొకరికి మిగిల్చే మనిషి కాదు.

మాకు చుట్టరికం లేదు. గోడకు గోడ ఆనుకొని ఉండడమే వరస. మధ్యాహ్నం రోకలి కొసతో ఆ గోడ తట్టి, "తింటిరా అప్పా?" అని అరిచేది. లేదని మేమంటే, "మాటలొద్దు, గిన్నె తేండి" అనేది.

ఆమె తలపుకొస్తే నాకు ఒక సినిమా గుర్తొస్తుంది. ఎనభైల మొదట్లో మా టెంటు హాలుకు వచ్చింది. మా వైపు మేఘాలు దారి తప్పి కూడా రావు గానీ, సినిమాలు మాత్రం వచ్చేవి. గాలి వీస్తే తెర ఉబ్బి హీరోకు కడుపొచ్చేది, అది వేరే సంగతి. అణుబాంబు పడుతుందని ఒక ఊరంతా హడలిపోవడం కథ. పెద్దమనుషులు పెరట్లో గుంతలు తవ్వుకొని, పక్కింటివాళ్లు దూరకుండా తాళాలు వేసుకుంటారు. చివరికి బాంబూ లేదు, గీంబూ లేదు. తాళంచెవులు పోగొట్టుకొని లోపలే కూర్చుంటారు. శనక్కాయలు ఒలుచుకుంటూ టెంటంతా విరగబడి నవ్వాం. అత్త నవ్వలేదు.

మర్నాటి నుంచి ఆమెకు అన్నం దిగలేదు. "గుత్తి జంక్షను మీద ఏస్తే ఈడికి రానీకి ఎంతసేపు?" అని కనబడినవాళ్లనల్లా అడిగేది. వీధిలో కుర్రకారుకు అంతకన్నా ఏం కావాలి? "పామిడి దాటిందంట అత్తా, బాంబు!" అని, గుత్తి నుంచి వచ్చే బస్సు సంగతి చెప్పినట్టు కేకలేసేవారు.

ఆమె భర్త, మామ మాత్రం ఎగతాళి చేయలేదు. ఆయనది గుంత మగ్గం. నేలలో తవ్విన గుంతలోకి కాళ్లు దించి నేయాలి. ఆ గుంతనే పక్కకు ఇంకాస్త తవ్వి, చాప పరిచి, చెయ్యి పట్టి ఆమెను దించాడు.

"సినిమావోళ్లు ఇప్పుడు తవ్వుకున్నారు. మా తాత ఎప్పుడో తవ్వినాడు. కూచో" అన్నాడు.

ఆమెకు కాళ్లు తగులుతాయని మగ్గం నిలిపేశాడు. ఎవరిదో పెళ్లిచీర సగంలో ఆగింది. మగ్గం ఆడకపోతే నేతగాడి పొయ్యి ఎన్నాళ్లు వెలుగుతుంది?

నేను చూడబోయాను. గుంతలోంచి ఆమె తల మాత్రం కనిపిస్తోంది.

"ఎట్లుండాది అత్తా లోపల?"

"సల్లగుండాది. బాంబు పడితే మీయమ్మ యాడ కూచుంటాదప్పా?"

"మా ఇంట్లోనే."

గుంతను అటూ ఇటూ చూసింది. "నేను ముడుచుకుంటే మీయమ్మ గూడా పడతాది. ఎదురింటి బాలింత పట్టదే!"

మామ దారం చిక్కు తీస్తూ, "ఊరంతా యాడ పడతాదే?" అన్నాడు.

"పట్టకపోతే నాకెందుకిది? ఆ తాళాలేసుకున్నోళ్ల మాదిరి ఒగదాన్నే కూచోవాల్నా? పైకి లాగు నన్ను. మగ్గమాడించు."

భయం పోయిందని చెప్పను. తర్వాత కూడా విమానం మోత వినిపిస్తే తలెత్తేది. వెంటనే వీధివైపు చూసేది, ఎవరు యాడున్నారోనని.

దినాలైన మర్నాడు వెళ్లాను. మామ నేస్తున్నాడు. ఆ పక్క గుంతను ఇన్నేళ్లలో పూడ్చలేదు. చాప కూడా ఉంది. ఆయన మోకాళ్లు రెండూ ఒక పక్కకు ఒదిగించుకొని, చాపకు తగలకుండా మగ్గం తొక్కుతున్నాడు.